వెనక కాళ్లు పడిపోయిన మా జూలీని ఇంట్లో ఎలా చూసుకున్నాం

మా జూలీ జర్మన్ షెపర్డ్. తొమ్మిదేళ్లు నిండాక దానికి వెన్నుపాము జబ్బు వచ్చింది. పేరు డీజెనరేటివ్ మైలోపతీ, డాక్టర్లు డీఎం అంటారు. ఏడాది పైగా ఇంట్లోనే ఉంచి చూసుకున్నాం. గత నెలలో వెళ్లిపోయింది. ఈ జబ్బు గురించి వెతికితే కాళ్ల సంగతి బోలెడు దొరుకుతుంది. మూత్రం గురించి, చర్మం గురించి, ముప్పై కిలోల కుక్కను రోజంతా ఎత్తి దించే మనిషి నడుము గురించి మాత్రం ఎవరూ సరిగ్గా చెప్పరు. నాకు కావలసి వచ్చింది అదే. ఒడిశా సరిహద్దులో మా పర్లాకిమిడి లాంటి ఊళ్లో ఉంటే మరీను. అందుకే జరిగింది జరిగినట్టు రాస్తున్నాను.

2024 వినాయక చవితి వెళ్లిన వారంలో మొదలైంది. పొద్దున్నే వాకింగ్‌కి తీసుకెళ్తే సిమెంటు రోడ్డు మీద గోళ్లు ఈడ్చిన చప్పుడు. ఇంటికొచ్చి చూశాను. వెనక పాదాల్లో మధ్య రెండు వేళ్ల గోళ్లు పైవైపు నుంచి అరిగి పొట్టిగా అయిపోయాయి, ఒకదాని మొదట్లో రక్తం కూడా ఉంది. ముందు కాళ్ల గోళ్లు బాగానే ఉన్నాయి. మీ కుక్కకి ఎనిమిదేళ్లు దాటి ఉంటే ఆ రెండు గోళ్లనూ ఓసారి చూడండి. నడక తేడా మన కంటికి ఆనకముందే అక్కడ తెలిసిపోతుంది.

దగ్గర్లోనే చూపించాం. తుంటి కీళ్లు అరిగాయన్నారు. ఈ జాతికి అది మామూలే కాబట్టి మేమూ సరేననుకున్నాం. నొప్పి మాత్రలు, కాల్షియం ఇంజెక్షన్లు మూడు వారాలు వాడాం. మార్పేమీ లేదు. పైగా ఆ మాత్రలకి కడుపు పాడై తిండి మానేసింది. మావారికి అక్కడే అనుమానం వచ్చింది. "దీనికి నొప్పి ఉన్నట్టే లేదు. నడుం నొక్కినా మూలగదు, ఇటు తిరిగి చూడదు. మరి నొప్పి మాత్రలెందుకు?" అన్నారు.

వైజాగ్‌లో పెంపుడు జంతువుల క్లినిక్ ఒకదానికి ఫోన్ చేస్తే పది రోజుల తర్వాత తేదీ ఇచ్చారు. దసరా వెళ్లాక కారు మాట్లాడుకుని పాతపట్నం, నరసన్నపేట, శ్రీకాకుళం మీదుగా బయల్దేరాం. కారుకే 5,500 అయింది. వెనక సీటు మీద పాత పరుపు వేసి దాన్ని పడుకోబెట్టాం. దారిలో రెండుసార్లు దించాల్సి వచ్చింది, ఆ రెండుసార్లూ వెనక భాగం ఒక పక్కకి తూలింది.

అక్కడి డాక్టరు ఎక్స్‌రే జోలికి వెళ్లకుండా ముందు నడిపించి చూశారు. తర్వాత జూలీని నిలబెట్టి, వెనక పాదం ఒకటి పట్టుకుని మడిచి, పాదం పైభాగం నేలకి ఆనేలా పెట్టి వదిలేశారు. బాగున్న కుక్క అయితే వెంటనే పాదాన్ని సరిచేసుకుంటుందట. జూలీ అలాగే నిలబడి నా మొహం చూస్తూ తోక ఊపింది. పాదం తిరగబడి ఉన్న సంగతి దానికి తెలియనే లేదు. నా గుండె జారిపోయింది అప్పుడే. రెండో కాలికీ అలాగే చేశారు, అదీ అంతే. తర్వాత వేళ్ల మధ్య గట్టిగా గిల్లితే చటుక్కున తిరిగి చూసింది. అంటే నొప్పి తెలుస్తోంది, పాదం ఎక్కడుందో మాత్రం తెలియడం లేదు. వెన్నెముక పొడవునా నొక్కుకుంటూ వచ్చారు, ఎక్కడా నొప్పి లేదు.

ఆయన చెప్పినదాని సారం ఇది. డిస్కు జారినా, వెన్నులో గడ్డ ఉన్నా ఇలాంటి లక్షణాలే రావచ్చు. కానీ నొప్పి లేకుండా, నెలల మీద నెమ్మదిగా, ముసలి జర్మన్ షెపర్డ్‌కి వస్తే డీఎం అని అనుమానించాలి. మిగతా రెండూ కావని తేల్చుకోవాలంటే ఎమ్మారై తీయాలి, వెన్నులోంచి నీరు తీసి పరీక్షించాలి. డీఎం అని నూటికి నూరు శాతం తేలేది మాత్రం కుక్క పోయాక వెన్నుపామును మైక్రోస్కోపు కింద చూస్తేనే. ఒక జన్యు పరీక్ష ఉంది. ఎస్ఓడీ1 అనే జన్యువులో లోపం ఈ జబ్బుకి కారణమని 2009లో కనిపెట్టారట. మనుషుల్లో ఏఎల్ఎస్ అనే కండరాలు చచ్చుబడే జబ్బులో కూడా కొందరికి ఇదే జన్యువు దెబ్బతిని ఉంటుందని ఆయన చెబుతుంటే మావారూ నేనూ ఒకరి మొహం ఒకరం చూసుకున్నాం.

ఎమ్మారై వద్దనుకున్నాం. దానికి పెద్ద నగరానికి తీసుకెళ్లాలి, మత్తు ఇవ్వాలి, ఖర్చు మా నెల జీతాన్ని దాటుతుంది. నొప్పి గానీ ఉండి ఉంటే అప్పు చేసైనా తీయించేవాళ్లం, ఎందుకంటే డిస్కు అయితే ఆపరేషన్ ఉంది. బుగ్గ లోపల దూదిపుల్లతో నమూనా తీసి ల్యాబ్‌కి పంపారు. దానికి 6,000. రిపోర్టు రావడానికి మూడు వారాల పైనే పట్టింది, ఆ రోజుల్లో ఫోన్ మోగితే చాలు టెన్షన్. తల్లి నుంచి ఒకటి, తండ్రి నుంచి ఒకటి, రెండు లోపాలూ ఉన్నాయని వచ్చింది. రెండూ ఉన్న ప్రతి కుక్కకీ జబ్బు రాదట. మా దానికి లక్షణాలు కూడా ఉన్నాయి కాబట్టి ఇక దీన్నే పట్టుకుని వెళ్దామన్నారు డాక్టరు.

"అమ్మా, దీనికి మందు లేదు. స్టెరాయిడ్లూ పనిచేయవు. ఎవరైనా ఖరీదైన ఇంజెక్షన్ల కోర్సు చెప్తే నాకు ఒకసారి ఫోన్ చేసి అప్పుడు వేయించండి. మీ చేతిలో ఉన్నది వ్యాయామం ఒక్కటే" అన్నారు. 2006లో అచ్చయిన ఒక పరిశోధన చెప్పారు. డీఎం అనుమానం ఉన్న 22 కుక్కలను గమనిస్తే, రోజూ గట్టిగా ఫిజియోథెరపీ చేయించినవి సగటున 255 రోజులు బతికాయట, కొద్దిగా చేయించినవి 130 రోజులు, అసలు చేయించనివి 55 రోజులు. చిన్న పరిశోధనే, అందులో ఉన్నవి కొద్ది కుక్కలేనని ఆయనే అన్నారు. అయినా నాకు పట్టుకోవడానికి అదొకటి దొరికింది. చేయడానికి ఏదో ఒక పని ఉందంటే మనిషికి ఎంత ధైర్యమో ఆ రోజు తెలిసింది.

నవంబరు నుంచి మా ఇంటి టైంటేబులే మారిపోయింది. పొద్దున్న, మధ్యాహ్నం, సాయంత్రం కొద్దికొద్దిగా నడక. ఒకేసారి ఎక్కువ నడిపిస్తే మర్నాడు లేవలేకపోయేది. పడుకోబెట్టి వెనక కాళ్ల ఒక్కో కీలునీ నెమ్మదిగా మడిచి చాపేదాన్ని, వేళ్ల దగ్గర మొదలుపెట్టి తుంటి దాకా. నీళ్లలో నడిపించమన్నారు. నగరాల్లో నీళ్ల ట్రెడ్‌మిల్ ఉంటుందట. మాకు మహేంద్రతనయ నది ఉంది. కార్తీకంలో నీళ్లు తేటగా ఉంటాయి. ఎండెక్కాక తీసుకెళ్లి, పొట్ట తడిసే లోతులో మావారు ముందు, నేను వెనక పట్టుకుని నడిపించేవాళ్లం. ఒడ్డున వెనక కాళ్లు ఈడ్చే కుక్క నీళ్లలో అడుగు తీసి అడుగు వేసేది! ఒంటి బరువును నీళ్లు మోస్తాయి కాబట్టి. ఇంటికొచ్చాక వేళ్ల సందులు కూడా పొడి గుడ్డతో తుడవాలి, లేకపోతే పుళ్లు పడతాయి.

ఇంట్లో నున్నటి టైల్స్. బాగున్న రోజుల్లో దానిమీద పరుగులు తీసిన కుక్క ఇప్పుడు నాలుగు కాళ్లూ నాలుగు దిక్కులా జారి పడిపోయేది. రబ్బరు మ్యాట్లు కొని పడక నుంచి తిండి గిన్నె దాకా, అక్కణ్నుంచి పెరటి గుమ్మం దాకా దారి వేశాం. 2,200 అయింది. పెట్టిన ఖర్చులన్నిటిలోకీ అది దండిగా అక్కరకొచ్చింది. పాదాలకి మొదట పిల్లల సాక్సులు వేశాను, ఒక్క పూటలో చిరిగిపోయాయి. బజార్లో చెప్పులు కుట్టే ఆయన పాదం కొలత తీసుకుని మెత్తటి తోలుతో, అడుగున సైకిలు ట్యూబు ముక్క వేసి జత 150కి కుట్టిచ్చాడు. రాత్రిళ్లు విప్పేయాలి.

వెనక భాగం ఎత్తి పట్టుకోవడానికి ఆన్‌లైన్‌లో 1,900 పెట్టి పట్టీ తెప్పిస్తే తొడల సందులో ఒరుసుకుని ఎర్రగా అయింది. దాని బదులు పాత తుండును పొట్ట కింద నుంచి తీసి రెండు కొసలూ పైకి పట్టుకుంటే బాగానే నడిచింది. తర్వాత టైలరు చేత దళసరి గుడ్డకి లోపల దూది పెట్టించి, భుజానికి తగిలించుకునేంత పొడుగు పిడులు కుట్టించాం. పిడి పొట్టిగా ఉంటే మనం వంగి నడవాలి. వారం తిరిగేసరికి మావారికి నడుం పట్టేసింది, పిడి పొడుగు చేయించాక గానీ తేరుకోలేదు. బరువు కూడా తగ్గించమన్నారు డాక్టరు. 34 కిలోలుండేది, అన్నం తగ్గించి గుడ్డు, ఉడికించిన చికెన్, గుమ్మడికాయ పెడుతూ సంక్రాంతికి 30 చేశాం. ఎత్తేవాళ్లకి ఆ నాలుగు కిలోల తేడా బాగా తెలుస్తుంది.

సంక్రాంతి వెళ్లాక వెనక కాళ్లు ఒకదాన్నొకటి అడ్డుకుని పడిపోవడం ఎక్కువైంది. ఫిబ్రవరి ఆఖరుకి తనంతట తను నిలబడలేకపోయింది. అయినా మొహంలో దిగులు లేదు. గేటు చప్పుడైతే ముందు కాళ్ల మీద పాక్కుంటూ వెళ్లి మొరిగేది. దిగులంతా మాదే. చూడ్డానికి వచ్చిన చుట్టాలు "ఎందుకమ్మా ఈ బాధ, ఒక ఇంజెక్షన్ ఇప్పించేయండి" అనేవాళ్లు. వాళ్లు మంచికే అన్నారు, కానీ జూలీ ఎదురుగా కూర్చుని తోక ఊపుతుంటే ఆ మాట వినలేకపోయేదాన్ని. దానికి నొప్పి లేదని ఎన్నిసార్లు చెప్పినా ఎవరికీ ఎక్కేది కాదు. మా అత్తయ్యగారు మొదట్లో కుక్కని ఇంట్లోకే రానిచ్చేవారు కాదు. వేసవిలో కరెంటు పోయినప్పుడు దాని పక్కన పీట వేసుకుని విసనకర్రతో విసిరింది ఆవిడే. పక్కింటి ఒడియా మావుసి రోజూ మధ్యాహ్నం పఖాళ (చద్దన్నం) నీళ్లు గిన్నెలో పోసి పంపేది.

మార్చి మధ్యలో పడక ఎప్పుడు చూసినా తడిగా ఉండడం మొదలైంది. మూత్రం దానంతట అదే పోతోంది కదా, బ్లాడర్ ఖాళీ అవుతోందనుకుంటాం. కాదు. నిండిపోయి పొర్లుతోంది. లోపల నిలవ ఉన్నది కుళ్లి ఇన్ఫెక్షన్ వస్తుంది, అది కిడ్నీల దాకా పోతుంది. ఈ ముక్క నాకు ముందే ఎవరైనా చెప్పి ఉంటే బాగుండేది. చేత్తో నొక్కి తీయాలని డాక్టరు వీడియో కాల్‌లో చెప్పారు గానీ, ఫోన్‌లో చూసి నేర్చుకునే పని కాదది. మళ్లీ వైజాగ్ వెళ్లి, ఆయన చెయ్యి మీద నా చెయ్యి వేసుకుని నేర్చుకున్నాను.

పద్ధతి చెప్తాను, కానీ మీరూ ఒక్కసారైనా డాక్టరు ఎదురుగా చేసి చూడండి. కుక్కను పట్టీతో నిలబెట్టాలి, లేదా పక్కకి పడుకోబెట్టాలి. వెనక తొడలకి కాస్త ముందు, పొట్టకి రెండు పక్కలా అరచేతులు ఆనించాలి. వేళ్ల కొసలతో పొడవకూడదు, అరచెయ్యి మొత్తం ఆనాలి. లోపల బత్తాయి కాయంత గుండ్రంగా, నిండుగా తగులుతుంది. ఒక చెయ్యి కదపకుండా ఉంచి, రెండో చేత్తో నెమ్మదిగా ఆ చేతి మీదకీ, తోకవైపుకీ నొక్కాలి. మొదట ఏమీ రాదు. పొట్ట బిగబడుతుంది. తొందరపడి గట్టిగా నొక్కితే బ్లాడర్ దెబ్బ తినే ప్రమాదం ఉంది. అదే ఒత్తిడితో ఆగాలి. కొన్ని క్షణాలకి బిగువు సడలి ధార మొదలవుతుంది, ఆగుతుంది, మళ్లీ వస్తుంది. చేతి కింద ఏమీ తగలనంతవరకు చేయాలి. మొదటి వారం నాకు తలప్రాణం తోకకొచ్చింది. సగమే వచ్చేది, నేనూ అదీ ఇద్దరం అలిసిపోయేవాళ్లం. నెల తిరిగేసరికి రెండు నిమిషాల పని అయింది. పొద్దున్న, మధ్యాహ్నం, సాయంత్రం, పడుకోబోయే ముందు. ఈ నాలుగు వేళలూ తప్పకూడదు కాబట్టి పెళ్లిళ్లకీ, ఊళ్లకీ ఇద్దరం కలిసి వెళ్లడం మానేశాం. దొడ్డికి మాత్రం సులువే. తిన్న కాసేపటికి తోక కింద తడిగుడ్డతో మెల్లగా తుడిస్తే వచ్చేస్తుంది.

ఇంత చేసినా జూన్‌లో ఇన్ఫెక్షన్ వచ్చింది. మూత్రం మబ్బుగా, మామూలు కంటే ఘాటైన కంపుతో ఉంది. ఈ స్థితిలో కుక్క బాధ చూపించకపోవచ్చు, మనమే రంగూ వాసనా చూసి కనిపెట్టాలి. కల్చర్ పరీక్ష రిపోర్టుకి నాలుగు రోజులు. ఏ మందు పనిచేస్తుందో అది చూశాకే మాత్రలు రాశారు. పరీక్షలకీ మందులకీ కలిపి 3,000 దాటింది. అప్పటి నుంచి రోజూ ఒక పూట మూత్రాన్ని తెల్లటి ప్లాస్టిక్ డబ్బాలో పట్టి వెలుతురులో చూడడం అలవాటు చేసుకున్నాను.

డైపర్లు పగలు వాడడం మానేశాం. మనుషుల డైపర్‌కి తోక పట్టేలా చిల్లు పెట్టి వేస్తే రెండు రోజుల్లో తొడల మధ్య ఒరుపు వచ్చింది. రాత్రికి మాత్రం వేసేవాళ్లం. వెనక భాగం వెంట్రుకలు పొట్టిగా కత్తిరించి, గోరువెచ్చని నీళ్లతో కడిగి, పూర్తిగా ఆరాక డాక్టరు ఇచ్చిన క్రీము రాయడం. పడకకి దూది పరుపు, పైన రబ్బరు షీటు, దానిమీద పాత నూలు చీరల మడతలు. తుంటి ఎముకల దగ్గర పుండ్లు పడకుండా నాలుగు గంటలకోసారి పక్క మార్చాలి, రాత్రి కూడా. అలారం పెట్టుకుని ఒక రాత్రి నేను, ఒక రాత్రి ఆయన. వానలు మొదలయ్యాక ఈగల భయం పట్టుకుంది. తడి వెంట్రుకల మీద ఈగ వాలి గుడ్లు పెడితే పురుగు పట్టడానికి ఎంతో సేపు పట్టదు. పడక మీద దోమతెర కట్టాం, పగలు కూడా. చిన్న పుండు ఒకటి కుడి తుంటి మీద పడింది గానీ పురుగు దాకా పోనివ్వలేదు.

వెనక కాళ్లకి ఆసరాగా కట్టే చక్రాల బండి ఏప్రిల్‌లోనే వచ్చింది. ఆర్డరు పెట్టాక నెల పట్టింది, 11,000. వచ్చినది ఎత్తు ఎక్కువైంది. వెనక భాగం పైకి లేచి బరువంతా ముందు కాళ్ల మీద పడుతోంది, పది అడుగులకే రొప్పుతోంది. వీపు గీత నేలకి సమంగా ఉండాలి. మా వీధి చివర సైకిలు షాపు ఆయన పైపులు రెండంగుళాలు కోసి సరిచేశాడు, డబ్బులిస్తే తీసుకోలేదు. మొదటి రోజు కట్టగానే బొమ్మలా నిలబడిపోయింది. ముందు బిస్కెట్ పెడితే రెండడుగులు వేసింది, వెనక నుంచి బరువు లేదని తెలిసిందో ఏమో, ఒక్కసారిగా పరుగు! ఆపడానికి నేను వీధి చివరిదాకా పరిగెత్తాను. ఏడుపూ నవ్వూ కలిసి వచ్చేశాయి నాకు. బండిలో ఇరవై నిమిషాలకి మించి ఉంచకూడదు, ఒంటరిగా అసలే వదలకూడదు, అందులో అది పడుకోలేదు. వీధి కుక్కలు మొదట్లో మీద పడేవి, కర్ర పట్టుకుని వెంట నడిచేదాన్ని.

సెప్టెంబరులో ముందు కాళ్లు కూడా వణకడం మొదలైంది. గిన్నె దగ్గర తల ఎత్తి ఉంచలేకపోయేది. మొరుగు సన్నబడింది. డాక్టరు మొదటి రోజే చెప్పారు, ముందు కాళ్లకి పాకితే తర్వాత మింగడం, ఊపిరి తీసుకోవడం కష్టమవుతాయని. ఆ దశ దాకా ఉంచకూడదని మావారూ నేనూ ముందే ఒక మాట అనుకున్నాం. ముందే అనుకోవడం మంచిదైంది, ఆ సమయంలో కూర్చుని ఆలోచించే స్థితి ఎవరికీ ఉండదు. భువనేశ్వర్‌లో చదువుతున్న మా అబ్బాయి దసరాకి వచ్చాడు. వాడు తిరిగి వెళ్లకముందే నిద్రపుచ్చే ఇంజెక్షన్ చేయించాలనుకున్నాం.

దగ్గర్లో అడిగితే ఆ మందు తమ దగ్గర లేదన్నారు. రమ్మంటే ఇంటికొచ్చే డాక్టరు శ్రీకాకుళంలో దొరికారు. మూడు రోజులు ఆగాల్సి వచ్చింది. రానుపోను ఖర్చుతో కలిపి 4,000. మా సమ్మతితోనే చేస్తున్నట్టు కాగితం మీద సంతకం తీసుకున్నారు. ముందు మత్తు ఇంజెక్షన్, అది పూర్తిగా నిద్రలోకి జారుకున్నాకే రెండోది. తల నా ఒళ్లోనే ఉంది. పది పదిహేను నిమిషాల్లో అయిపోయింది. పోయాక కళ్లు మూతపడవనీ, కండరాలు ఒకట్రెండుసార్లు అదురుతాయనీ డాక్టరు ముందే చెప్పారు. చెప్పకపోయి ఉంటే మా అబ్బాయి తట్టుకోలేకపోయేవాడు. పాతపట్నం దగ్గర మా ఆడపడుచు వాళ్ల పొలం గట్టున, కుక్కలూ నక్కలూ తవ్వకుండా లోతుగా గొయ్యి తీయించి, సున్నం చల్లి పూడ్చాం.

బండి ఇప్పుడు గుణుపూర్‌లో ఉంది. ఆటో కింద పడి నడుం విరిగిన వీధి కుక్కని ఒక కాలేజీ అమ్మాయి తెచ్చుకుని పెంచుతోందని సైకిలు షాపు ఆయనే చెప్పాడు. పైపులు ఇంకా పొట్టిగా కోసి, బెల్టులు మార్చి ఇచ్చాడు. ఆ అమ్మాయి పోయిన ఆదివారం ఫోన్ చేసి, "ఆంటీ, పడక ఎప్పుడూ తడిగానే ఉంటోంది, అంటే మూత్రం బాగానే వస్తున్నట్టేనా?" అని అడిగింది. కాదని చెప్పి, ఈ ఆదివారం రైల్లో కుక్కని తీసుకురానక్కర్లేదు, నేనే వస్తానన్నాను. అక్కడి డాక్టరు దగ్గరికి ఇద్దరం కలిసి వెళ్లి, ఆయన ఎదురుగానే నొక్కడం నేర్పించాలి. మ్యాట్లు, దోమతెర, కుట్టించిన పట్టీ కూడా కట్టి ఉంచాను.